ఫ్రెంచ్ క్యారెక్టర్ ఆర్టిస్టుల్లో ఎవరితో మొదలుపెట్టాలి?

ఫ్రెంచ్ సినిమాల్లో హీరోలని కాకుండా పక్క పాత్రల్లో ఎవర్ని గమనించాలని అడిగారు. నేనైతే మైకేల్ లాన్స్‌డేల్ అంటాను. ఫ్రాన్స్‌లో ఆయన్ని మిషెల్ అనేవారు.

నాకు పేరుకన్నా ముందు మొహం తెలుసు. చిన్నప్పుడు టీవీలో జేమ్స్ బాండ్ సినిమా 'మూన్‌రేకర్' (1979) చూశా. అందులో విలన్ డ్రాక్స్ ఈయనే. భూమ్మీద మనుషులందర్నీ చంపేద్దామనుకునేవాడు కూడా గొంతు పెంచడు. విలనన్నాక అరవొద్దా అని అప్పట్లో చిరాకేసింది.

చాలా ఏళ్లకి 'ది డే ఆఫ్ ద జాకల్' (1973) చూస్తుంటే, ఈయన్నెక్కడో చూశానే అనిపించింది. ఫ్రాన్స్ అధ్యక్షుడు డిగాల్‌ని చంపడానికొచ్చిన హంతకుణ్ణి వెతికే పోలీసు అధికారి లెబెల్. మంత్రి, పెద్దపెద్ద అధికారులు కూర్చున్న సమావేశంలో టేపు ఆన్ చేస్తాడు. ఫోన్లో ఒకావిడ రహస్యాలు చేరవేస్తున్న గొంతు. అక్కడే ఉన్న ఒకాయనకి అది తన ఇంటి నుంచేనని తెలిసి, లేచి వెళ్లిపోతాడు. ఎవరి ఫోన్ ట్యాప్ చేయాలో నీకెలా తెలుసని మంత్రి అడిగితే, తెలీదు కాబట్టే అందరివీ చేశానంటాడు. గొప్పగా కాదు, కొంచెం మొహమాటంగా! ఆ ఒక్క ముక్క కోసం నేను మూడుసార్లు వెనక్కి తిప్పి చూశాను.

పుట్టింది 1931లో, పారిస్‌లో. తండ్రి బ్రిటిష్ ఆర్మీ అధికారి, తల్లి ఫ్రెంచావిడ. రెండు భాషలూ సొంతమే కాబట్టి రెండు చోట్లా పని దొరికింది. 1982లో బీబీసీ సీరియల్ 'స్మైలీస్ పీపుల్'లో బ్లాక్‌మెయిల్‌కి దొరికిపోయిన సోవియట్ ఉద్యోగిగా వేశాడు. భయంలో కూడా నవ్వొస్తుంది.

ఫ్రాన్స్‌లో సహాయనటుడిగా సెజార్ (అక్కడి పెద్ద సినిమా అవార్డు) వచ్చేసరికి దాదాపు ఎనభై ఏళ్లు. 'ఆఫ్ గాడ్స్ అండ్ మెన్' (2010)లో అల్జీరియా పల్లె జనానికి వైద్యం చేసే ముసలి క్రైస్తవ సన్యాసి. చివర్లో తోటి సన్యాసులందరికీ వైన్ పోయించి, క్యాసెట్ పెడతాడు చూడండి, నాకు గొంతు పట్టేసింది. 2020లో పోయాడు.

ఇవన్నీ అయ్యాక 'ఇండియా సాంగ్' (1975) పెట్టుకోండి. కథ కలకత్తాలో, షూటింగ్ మాత్రం ఫ్రాన్స్‌లోనే. నడక చాలా నిదానం, నేను మొదటిసారి మధ్యలో నిద్రపోయాను. కానీ ఎప్పుడూ గొంతు పెంచని ఈ మనిషి అందులో లాహోర్ వైస్ కాన్సుల్‌గా (ఫ్రెంచ్ దౌత్యాధికారి), ఒకామె మీద ప్రేమతో, తెర బయట్నుంచి అరుస్తూనే ఉంటాడు. నన్ను నిద్రలేపింది ఆ అరుపే.