అమెరికా కాలేజీల్లో మనలాంటి రిజర్వేషన్లు ఉండేవా?

"అక్కడా మనలాగే జాతుల వారీగా సీట్లు పెట్టేవారట, 2023లో తీసేశారట, నిజమేనా?" అంటే సగమే నిజం. సీట్ల కోటా 1978లోనే పోయింది. డేవిస్‌లోని కాలిఫోర్నియా యూనివర్సిటీ మెడికల్ స్కూల్ 100 సీట్లలో 16 మైనారిటీలకని పక్కన పెడితే, బాకీ కేసులో (అప్పు కాదు, కేసు వేసినాయన పేరే అది) సుప్రీంకోర్టు చెల్లదంది. మిగతా అంశాలతో పాటు జాతినీ ఒక అంశంగా చూడొచ్చని మాత్రం ఒప్పుకుంది.

జాతిని ఎంతవరకు చూడొచ్చనే గీత ఎక్కడుందో 2003 నాటి మిషిగన్ యూనివర్సిటీ కేసుల్లో బాగా తెలుస్తుంది. డిగ్రీ అడ్మిషన్లకు 150 పాయింట్ల స్కేలు, 100 దాటితే సీటు దాదాపు ఖాయం. నల్లజాతి, హిస్పానిక్, నేటివ్ అమెరికన్ విద్యార్థులకు నేరుగా 20 పాయింట్లు. ఈ పద్ధతిని కోర్టు కొట్టేసింది. అదే యూనివర్సిటీ లా స్కూలు మాత్రం ఒక్కో దరఖాస్తునీ విడిగా చదివేది కాబట్టి 5-4తో గట్టెక్కింది.

2023 జూన్ 29న హార్వర్డ్, నార్త్ కరోలినా యూనివర్సిటీల కేసుల్లో సుప్రీంకోర్టు తీర్పుతో, జాతిని ఒక అంశంగా చూసే ఆ వెసులుబాటూ పోయింది. మరి దరఖాస్తు వ్యాసంలో జాతి ఊసెత్తొచ్చా? ఎత్తొచ్చు. "నేను ఏషియన్‌ని" అన్నంత మాత్రాన మొగ్గు చూపకూడదు. వివక్షను తట్టుకుని ఎలా నిలబడ్డారో రాస్తే ఆ ధైర్యాన్ని లెక్కలోకి తీసుకోవచ్చు. వ్యాసాన్ని అడ్డుపెట్టుకుని పాత పద్ధతిని దొడ్డిదారిన తేవద్దని తీర్పే హెచ్చరించింది.

మిలిటరీ అకాడమీల జోలికి ఆ తీర్పు వెళ్లలేదు. పూర్వ విద్యార్థుల పిల్లలకిచ్చే లెగసీ ప్రాధాన్యాన్నీ రద్దు చేయలేదు, అసలు వింత అదే.