టీసీ లేదని పాపను బడి బయట ఉంచకూడదు

ప్రశ్న: మేము ఒడిశాలోని పర్లాకిమిడిలో ఉంటాం. పాతపట్నంలో నా స్నేహితురాలు చనిపోయి ఎనిమిది నెలలైంది. ఆమె భర్త కూలిపనికి చెన్నై వెళ్లి నాలుగు నెలలుగా ఫోను ఎత్తడం లేదు. తొమ్మిదేళ్ల పాప నా దగ్గరే ఉంది. ఇక్కడి సర్కారు బడిలో టీసీ, తండ్రి సంతకం అడుగుతున్నారు; ఒడియా రాదు కాబట్టి ఒకటో తరగతిలో కూర్చోబెడతామంటున్నారు. పాప కొట్ల బోర్డులు చూసి నోటుపుస్తకంలో ఒడియా అక్షరాలు దిద్దుతోంది, వాటికీ తెలుగు తలకట్టే పెడుతోంది. బాలల సంక్షేమ కమిటీకి చెబితే హోముకు పంపేస్తారేమోనని భయంగా ఉంది.

జవాబు: అమ్మా, ముందు బడి సంగతి చూద్దాం, ఎందుకంటే అది ఒక్క రోజు కూడా ఆగకూడదు. 2009 నాటి విద్యాహక్కు చట్టం 5వ సెక్షన్ ప్రకారం, ఏ కారణంతోనైనా బడి మారాల్సి వచ్చిన పిల్లలకు, రాష్ట్రం దాటి వచ్చినా సరే, సర్కారు బడిలో చేరే హక్కు ఉంది. టీసీ ఆలస్యమైందన్న సాకుతో చేర్చుకోవడం ఆపకూడదు. పాత బడి హెడ్మాస్టరు టీసీ వెంటనే ఇవ్వాలి, జాప్యం చేస్తే శాఖాపరమైన చర్యకు గురవుతారు. చదువు మధ్యలో ఆగిన పిల్లలను వయసుకు తగిన తరగతిలోనే చేర్చుకుని, వెనకబడిన పాఠాలకు ప్రత్యేక శిక్షణ ఇవ్వాలని 4వ సెక్షన్ చెబుతోంది కాబట్టి, తొమ్మిదేళ్ల పిల్లను భాష రాదని ఒకటో తరగతికి దింపడం సరికాదు. ఈ రెండు సెక్షన్లనూ ఉదహరించి హెడ్మాస్టరుకు రాతపూర్వకంగా ఇవ్వండి.

ఇక కమిటీ గురించి. మీ భయం నాకు అర్థమవుతోంది, కానీ చెప్పకుండా ఉండడమే మీకు ఎక్కువ ప్రమాదం. 2015 నాటి బాలల న్యాయ చట్టం ప్రకారం, సంరక్షకులకు దూరమైన బిడ్డ గురించి 24 గంటల్లో తెలియజేయాలి, తెలియజేయకపోవడం శిక్షార్హం. పైగా, కమిటీ ఉత్తర్వు లేనంత కాలం రేపు ఎవరు వచ్చి పాపను తీసుకెళ్తామన్నా అడ్డుచెప్పడానికి మీ చేతిలో కాగితమంటూ ఏదీ ఉండదు. కమిటీ చేతిలో హోము ఒక్కటే మార్గం కాదు: విచారణ జరిపి, మీరు తగిన వ్యక్తి అని తేలితే మీ దగ్గరే ఉంచవచ్చు, లేదా 44వ సెక్షన్ కింద ఫోస్టర్ కేర్‌కు, అంటే కన్నవారు కాని కుటుంబంలో పెంపకానికి, అప్పగించవచ్చు. అది దత్తత కాదు. తండ్రి హక్కు పోదు, చూసిపోవడానికి ఆయనను అనుమతించవచ్చు. కమిటీ మాత్రం నెలనెలా పరిశీలిస్తుంది. పిల్లల రక్షణ కోసం ఉన్న కేంద్ర పథకం మిషన్ వాత్సల్య కింద నెలకు 4,000 రూపాయల సాయం కూడా అడగవచ్చు.

పాపది శ్రీకాకుళం జిల్లా కనుక, కేసును అక్కడి కమిటీకి పంపాలన్న ఆలోచన రావచ్చు. అప్పుడు పాప మాట వినాలని పట్టుబట్టండి. ఆమె అభిప్రాయానికి విలువ ఇవ్వాలని చట్టమే చెబుతోంది. జిల్లా కేంద్రం మీ ఊరే కాబట్టి రేపే కమిటీ దగ్గరకు వెళ్లండి, లేదా పిల్లల సహాయ నంబరు 1098కు ఫోను చేయండి. తల్లి మరణ ధ్రువపత్రం, పాప ఆధార్, తండ్రి ఫోను నంబరు, పాత బడి పేరుతో పాటు ఆ నోటుపుస్తకం కూడా పట్టుకెళ్లండి. అర్జీ ఇచ్చాక రసీదు తీసుకోకుండా తిరిగి రాకండి.