బొమ్మ ముచ్చట్లు: యాసే అడ్డమా?

ప్రశ్న: అక్కా, నమస్తే. మొన్న రాత్రి టీవీలో 'ఫాస్ట్ ఫైవ్' చూశాను. రియో నగరాన్ని గుప్పిట్లో పెట్టుకున్న హెర్నాన్ రేయెస్‌గా చేసినాయన ఎవరు? బ్రెజిల్ నటుడా? ఇంకో మాట. నాకు 29 ఏళ్లు. నాలుగేళ్లుగా షార్ట్ ఫిల్ముల్లో చేస్తున్నా, ప్రతిదాంట్లో రౌడీ వేషమే. ఆ మధ్య ఒక ఆడిషన్‌కు పోతే, 'నీ యాసకు హీరో దోస్తు వేషం కుదరదు, సెటిల్‌మెంట్లు చేసేవాడిదైతే చూద్దాం' అన్నారు. ఇంటికొచ్చాక రెండు రోజులు అన్నం సయించలేదు. మానేద్దామా అనిపిస్తోంది.
— ఒక పాఠకుడు, పరకాల

జవాబు: తమ్ముడూ, ఆయన బ్రెజిల్ మనిషి కాదు. పోర్చుగల్ నటుడు జువకీం ద అల్మైదా. 1957 మార్చి 15న లిస్బన్‌లో పుట్టాడు. నువ్వు ఆయన గురించే అడగడం నాకు ఎంత సంతోషమో చెప్పలేను. హనుమకొండలో మేము వీడియో క్యాసెట్ల షాపు నడిపిన రోజుల నుంచి నాకు ఆయన ముఖం తెలుసు. 'డెస్పరాడో' క్యాసెట్ తిరిగి తిరిగి అరిగి, బొమ్మ మీద గీతలు పడేది. వీసీఆర్ హెడ్డును స్పిరిట్‌తో తుడిచి మళ్లీ పెట్టేదాన్ని. షాపుకొచ్చే పిల్లలంతా గిటార్ పెట్టెలో తుపాకులు మోసే హీరో కోసం తీసుకుపోయేవాళ్లు. నేను మాత్రం అందులో విలన్ బుచో వేషం వేసిన ఈయన్ను చూసేదాన్ని. అంత మందిని చంపించే మనిషి, అరవాల్సిన అవసరమే లేదన్నట్టు మాట్లాడతాడు. ఆ వేషం మొదట రౌల్ జూలియా చేయాల్సింది. ఆయన 1994లో చనిపోవడంతో ఈయనకు వచ్చింది.

ఇప్పుడు నీ రెండో ప్రశ్న. నీకు జరిగినట్టే ఆయనకూ జరిగింది. 'క్లియర్ అండ్ ప్రెజెంట్ డేంజర్'లో క్యూబా గూఢచారి, 'డెస్పరాడో'లో మెక్సికో డాన్, '24' సీరియల్ మూడో సీజన్‌లో మళ్లీ మెక్సికో డ్రగ్స్ ముఠా నాయకుడు, 'క్వీన్ ఆఫ్ ద సౌత్'లో ఇంకో మెక్సికో డాన్. ఒక్కటీ ఆయన దేశం కాదు. స్పెయిన్, పోర్చుగల్, మెక్సికో, క్యూబా అన్నీ హాలీవుడ్‌కు ఒకే యాస. మన దగ్గరా అంతే కదా. తెలంగాణ యాసను చాలాకాలం రౌడీ నోట్లోనో, జనాన్ని నవ్వించేవాడి నోట్లోనో పెట్టారు. పరకాల మాట వేరు, సిరిసిల్ల మాట వేరు, ఆదిలాబాద్ మాట వేరని వాళ్లకు పట్టలేదు. నీకు ఆ మాట అన్నవాళ్ల మీద నాకు కోపం వచ్చింది. ఆ కోపం తప్పనీ అనుకోను.

అయితే ఆయన ఆ డాన్ వేషాల మధ్య ఏం చేస్తూ వచ్చాడో చూడు. 1987లో ఇటలీ దర్శకులు తవియానీ సోదరుల 'గుడ్ మార్నింగ్ బాబిలోన్'లో ఇటలీ శిల్పిగా చేశాడు. చిలీ దర్శకుడు మిగెల్ లిత్తీన్ సినిమాలో నికరాగ్వా తిరుగుబాటు నాయకుడు సాందినోగా చేశాడు. పోర్చుగీస్, స్పానిష్, ఇంగ్లీష్, ఫ్రెంచ్, ఇటాలియన్... ఏ దేశం వాళ్లు పిలిచినా వాళ్ల భాషలో పని చేయగలడు. ఆ భాషలు ఊరికే రాలేదు. 1974 ఏప్రిల్ 25న పోర్చుగల్‌లో సైన్యం తిరగబడి, 48 ఏళ్ల నియంతృత్వం కూలిపోయింది. అప్పటికి ఆయనకు 17 నిండి నెల దాటింది. ఆ గందరగోళంలో ఆయన చదివే నాటక పాఠశాల మూతపడింది. వియన్నా పోయి, అక్కడి నుంచి 1976లో న్యూయార్క్ చేరి, బారులో పని చేస్తూ లీ స్ట్రాస్‌బర్గ్ దగ్గర నటన నేర్చుకున్నాడు. చదువు ఆగిపోయిన పిల్లవాడు, ఊరుగాని ఊళ్లో గ్లాసులు అందిస్తూ నేర్చుకున్న విద్య అది.

2000లో మరియా ద మెదైరోస్ ఆ తిరుగుబాటు మీదే ఒక సినిమా తీసింది. అందులో ఆయన సైనికాధికారి వేషం వేశాడు. ఆ సినిమా చూస్తుంటే నా కళ్లల్లో నీళ్లు తిరిగాయి.

చిన్న వేషం అని చిన్నబుచ్చుకోకు. 1995లో వచ్చిన 'సోస్తియెనె పెరైరా'లో హీరో మార్చెల్లో మస్త్రొయాన్ని. కథ జరిగేది 1938 లిస్బన్‌లో, అంటే అల్మైదా సొంత ఊళ్లో. అక్కడ ఆయనకు దొరికింది కాఫీ హోటల్ వెయిటర్ మాన్యుయెల్ వేషం. హీరో పెరైరా పత్రిక మనిషి. సెన్సారు వల్ల అసలు వార్తలు పత్రికలో రావు. దాంతో ఏం జరుగుతోందని ఆ పత్రిక ఆయనే వెయిటర్‌ను అడుగుతాడు. ఉన్నవి కొన్ని మాటలే. అయినా మొత్తం దేశం భయం ఆ బల్ల దగ్గరే తెలుస్తుంది.

నువ్వు చూసిన 'ఫాస్ట్ ఫైవ్' కూడా మళ్లీ పెట్టుకో. రేయెస్ ఒక చోట పాత కథ చెప్తాడు. స్పెయిన్ వాళ్లు తుపాకులతో దిగి అక్కడి జనం చేతిలో చచ్చారు, పోర్చుగీస్ వాళ్లు అద్దాలు, కత్తెరలు బహుమతులుగా తెచ్చి అందరినీ లొంగదీసుకున్నారు, నాకు ఆ రెండో పద్ధతే నచ్చుతుందంటాడు. ఆ మాటలు చెప్పేది లిస్బన్‌లో పుట్టిన మనిషి అని తెలిసి వింటే ఒళ్లు జలదరిస్తుంది. గొంతు పెంచడు. బేరం మాట్లాడుతున్నట్టే చెప్తాడు. రౌడీ వేషం వచ్చినప్పుడు నువ్వు చేయాల్సింది అదే. ఈ రౌడీ పరకాల వాడా, భూపాలపల్లి బొగ్గు బాయి దగ్గరి వాడా, ఇంట్లో తల్లితో ఎట్లా మాట్లాడతాడు? డైరెక్టర్ అడగకపోయినా నీకు నువ్వు ఖాయం చేసుకో. మన నేరెళ్ల వేణుమాధవ్ గారిని గుర్తు చేసుకో. ఎవరి గొంతైనా ఆయన అంతగా పలికించారంటే ముందు చెవిపెట్టి విన్నారు కనుకే.

యాసను మాత్రం వదులుకోకు. దాని పక్కన ఇంకో రెండు యాసలు, వీలైతే హిందీ, ఉర్దూ బాగా పట్టు. మానేయాలా వద్దా అన్నది ఆ ఆడిషన్ గదిలో వాళ్లు తేల్చే విషయం కాదు. ఇంకో రెండేళ్లు చేసి మళ్లీ ఉత్తరం రాయి, తప్పకుండా జవాబిస్తాను.

ప్రశ్న: టీవీలో అల్మైదా గారి మొదటి పేరును 'హొవాకిన్' అని పలికారు. ఏది సరైనది?
— డిగ్రీ విద్యార్థిని, కాజీపేట

జవాబు: హొవాకిన్ అనేది స్పానిష్ పలుకుబడి. పోర్చుగీస్‌లో ఆ మొదటి అక్షరం మెత్తటి 'జ'లా వస్తుంది, చివర ముక్కుతో పలకాలి. జువకీం అంటే దాదాపు దగ్గరికి వస్తుంది. మనిషి పేరును వాళ్ల ఇంట్లో పిలిచినట్టు పిలవాలని నువ్వు అనుకోవడం నాకు చాలా నచ్చింది, తల్లీ.

ప్రశ్న: అల్మైదా సినిమాల్లో ఒకే ఒకటి చూడమంటే ఏది చెప్తారు, మేడమ్?
— ఒక ఉపాధ్యాయుడు, ములుగు

జవాబు: ములుగులో ఉండి అడిగారు కాబట్టి 'గుడ్ మార్నింగ్ బాబిలోన్', సార్. తరతరాలుగా చర్చిలకు మరమ్మతులు చేసే ఇంట్లో పుట్టిన ఇద్దరు అన్నదమ్ములు పని లేక అమెరికా పోతారు. అక్కడ అమెరికా దర్శకుడు గ్రిఫిత్ తీస్తున్న పెద్ద సినిమా సెట్ కోసం ఏనుగు బొమ్మ చేసి చూపిస్తారు. సినిమా అయిపోయాక మీ పిల్లలను రామప్పకు తీసుకుపోండి. గుడి అడుగున చుట్టూ బారులు తీరిన ఏనుగులను దగ్గర కూర్చుని చూడమనండి. పొద్దున్నే పోతే వరుస మీద ఎండ ఏటవాలుగా పడి, తొండం తొండం విడిగా కనిపిస్తుంది.