లేక్ దగ్గరికి వెళ్ళు, కానీ ఎవరితోనైనా మాట్లాడి రా

చెల్లెమ్మా, నీకంటే చాలా ఏళ్ళ ముందు డాలస్ వచ్చినదాన్ని కాబట్టి నువ్వు అనే రాస్తాను. ఫ్రిస్కో వచ్చి మూడు నెలలైందన్నావు. ఆయన ఆఫీసుకి వెళ్ళాక అపార్ట్‌మెంట్‌లో ఒక్కదాన్నే ఉంటున్నానన్నావు. శనివారం రే రాబర్ట్స్ లేక్ స్టేట్ పార్కుకి వెళ్ళాలంటే ఏమేం కావాలని అడిగావు. టికెట్టు సంగతి చెబుతాను గానీ, నా కళ్ళు మాత్రం ‘ఒక్కదాన్నే’ అన్న మాట దగ్గరే ఆగిపోయాయి.

పెద్దవాళ్ళకి తలకి రోజుకి 7 డాలర్లు, పన్నెండేళ్ళు, అంతకన్నా తక్కువ వయసు పిల్లలకి ఉచితం. ఏడాది పాస్ 70 డాలర్లు. అది ఉంటే నీతో పాటు కారులో వచ్చినవాళ్ళకి కూడా ప్రవేశ రుసుము ఉండదు, టెక్సాస్ స్టేట్ పార్కులన్నిటిలోనూ చెల్లుతుంది. మీరిద్దరూ ఐదుసార్లు వెళ్తే పాస్ డబ్బులు వచ్చేసినట్టే. రేట్లు మారుతుంటాయి, పార్కుల శాఖ వెబ్‌సైట్‌లో చూసుకో. అన్నీ రూపాయల్లోకి మార్చి లెక్కలు వేసుకుంటూ ఇంట్లో కూర్చోకు. మొదటి ఏడాది నేను చేసింది అదే.

2006 మే నెల, మెమోరియల్ డే సెలవులు. కొత్తగా ఒక పాత కారు కొన్నాం. అప్పుడు ఇర్వింగ్‌లో ఉండేవాళ్ళం. తెల్లవారకముందే లేచి పులిహోర కలిపాను, పెరుగన్నం, ఊరమిరపకాయలు సర్దాను. పదకొండింటికి గేటు దగ్గరికి చేరేసరికి పార్కు నిండిపోయిందన్నారు, కారు వెనక్కి తిప్పించారు. దారిలో గ్యాస్ స్టేషన్ పక్కన కారులోనే కూర్చుని తిన్నాం. నాకు ఏడుపు ఆగలేదు. పార్కు చూడలేకపోయినందుకు కాదు. వారమంతా మా ఆయన తప్ప మరో మనిషి మొహం ఎరగను, ఆ రోజైనా నలుగురిని చూస్తానని ఎంతో ఆశపడ్డాను. మీకిప్పుడు ఆ కష్టం లేదు, డే పాస్ ముందుగానే ఆన్‌లైన్‌లో రిజర్వ్ చేసుకోవచ్చు. ఏడాది పాస్ ఉన్నా సరే, రిజర్వేషన్ మాత్రం మానకు.

రెండోసారి జూలైలో వెళ్ళాం, అదీ మిట్టమధ్యాహ్నం. నూరు డిగ్రీల ఫారన్‌హీట్ ఎండ. పార్కులో ఐల్ డు బోయ్ అనే భాగం వైపు ఇసుక ఒడ్డు ఉంటుంది, అక్కడ మా ఆయన నీళ్ళలోకి దిగారు. ఊళ్ళో బావిలో ఈదిన ధైర్యం. ఇది మన ఊరి చెరువు లాంటిది కాదు. ట్రినిటీ నది ఎల్మ్ ఫోర్క్ పాయ మీద ఆనకట్ట కట్టి నింపిన జలాశయం. కొన్నిచోట్ల మునిగిపోయిన చెట్ల మోళ్ళు ఇంకా అలాగే ఉన్నాయి. నాలుగు అడుగులు వేసేదాకా నడుంలోతే ఉంది, ఐదో అడుగు వేసేసరికి కాలికి నేల తగల్లేదు. లైఫ్‌గార్డులు ఉండరు. దగ్గర్లో లైఫ్ జాకెట్ వేసుకున్న పెద్దాయన ఎవరో చెయ్యి అందించి లాగాడు. ఆ రోజు నుంచి మా ఇంట్లో జాకెట్ లేకుండా ఎవరూ నీళ్ళలో దిగరు. మీ ఆయనకి ఈత వచ్చని నాకు రాయకు. ఈత వచ్చిన మన పిల్లలే ఈ దేశపు లేకుల్లో పోయారన్న వార్తలు చదువుతూనే ఉన్నాం.

అసలు తప్పు వీటి తర్వాత చేశాను. మనవాళ్ళు పాతికమంది దొరికారు. ప్రతి నెలా అదే పార్కు, అవే బిర్యానీ ట్రేలు. మగవాళ్ళు ఒక బెంచీ దగ్గర, ఆడవాళ్ళం ఒక బెంచీ దగ్గర. ఎవరి ఇల్లు ఎంతకి కొన్నారు, ఎవరి గ్రీన్‌కార్డు ఎక్కడిదాకా వచ్చింది, రోజంతా ఇవే మాటలు. ఇంటికి వచ్చాక వెళ్ళేముందు కన్నా దిగులు ఎక్కువయ్యేది. మన గుంపు ఉంటే ఒంటరితనం పోతుందని మీ కొత్తవాళ్ళందరూ అనుకుంటారు, నేనూ అలాగే అనుకున్నాను.

ఒకసారి నేనొక్కదాన్నే లేచి ఒడ్డు వెంట నడిచాను. ఒక పెద్దావిడ చేపలు పడుతూ కనిపించింది. మా నాన్న ఊరి చెరువు గట్టు మీద గాలం వేస్తుంటే పక్కన కూర్చున్న రోజులు గుర్తొచ్చి నిలబడిపోయాను. ఆవిడ ఏమీ అడక్కుండానే గాలం కర్ర నా చేతిలో పెట్టింది. ఎర గుచ్చడం నాకు వచ్చు. అది చూసి ఆవిడ నవ్వింది. వచ్చీరాని ఇంగ్లీషులో రెండు గంటలు మాట్లాడాను, అమెరికా వచ్చాక అంతసేపు మాట్లాడింది అదే మొదటిసారి. తర్వాత ఆవిడే పక్కన కూర్చుని నాకు డ్రైవింగ్ నేర్పింది. ఇప్పుడు కార్తీకమాసంలో అక్కడ మా వనభోజనాలకి ఎనభై మంది వస్తారు, ఏర్పాట్లన్నీ నావే. ఆవిడ కుర్చీ నా పక్కనే వేస్తాం.

స్టేట్ పార్కు లోపల ఒడ్డు మీద నుంచి చేపలు పట్టడానికి లైసెన్సు అక్కర్లేదు. చాలా పార్కుల్లో గాలం కర్రలు డబ్బు తీసుకోకుండా వాడుకోవడానికి ఇస్తారు, ఫోన్ చేసి కనుక్కో. పార్కులో అందరి ఎదుట మద్యం తాగనివ్వరు. ఎండాకాలంలో అప్పుడప్పుడు నిప్పు రాజెయ్యడం కూడా నిషేధిస్తారు. కాలిబాట పక్కన మారేడు దళంలా మూడేసి ఆకుల మొక్క కనిపిస్తే ముట్టుకోకు, ఒళ్ళంతా దద్దుర్లు లేస్తాయి. వేసవిలో అయితే పొద్దున్నే ఏడింటికల్లా అక్కడ ఉండాలి.

డ్రైవింగ్ టెస్ట్ తొందరగా పాసవ్వు. ఫ్రిస్కో నుంచి ముప్పావు గంట దారి. మంగళవారమో బుధవారమో నీ అంతట నువ్వు వెళ్ళి రాగలగాలి. ఆ రోజుల్లో జనం తక్కువ, వచ్చిన వాళ్ళు తీరిగ్గా మాట్లాడతారు. ఈ శనివారం మాత్రం మీరిద్దరే వెళ్ళండి. పులిహోర కాస్త ఎక్కువ కలుపు, పక్క బెంచీ వాళ్ళకి పెట్టేటప్పుడు మిరపకాయలు తీసి పెట్టు.