కదలకుండా నిలబడే నిరసన

ప్రశ్న: నలుగురం కూడలిలో 2 గంటలు కదలకుండా, మౌనంగా నిలబడి నిరసన తెలపాలనుకుంటున్నాం. రిహార్సల్‌లో అరగంటకే ఒకరు కళ్లు తిరిగి పడిపోయారు. ఎందుకలా?

జవాబు: మోకాళ్లు బిగబట్టి ఉంటారు. పిక్కలు కదలకపోతే రక్తం కాళ్లలోనే నిలిచి, మెదడుకు అందేది తగ్గుతుంది. మోకాళ్లు కాస్త సడలించండి. బూట్ల లోపలే వేళ్లు ముడుస్తూ, పిక్కలు బిగించి వదులుతూ ఉండండి, చూసేవాళ్లకు తెలియదు. ఖాళీ కడుపుతో రావద్దు. కళ్లు బైర్లు కమ్మితే పంతానికి పోకుండా కూర్చోండి; ఆ చోట నిలబడటానికి ఐదో మనిషిని సిద్ధంగా ఉంచుకోండి.

ఇక చూపు సంగతి. నలుగురూ ఒకే వైపు చూడండి. 2013 జూన్ 17న టర్కీలోని ఇస్తాంబుల్ తక్సిమ్ కూడలిలో ఎర్డెమ్ గుందుజ్ అనే కళాకారుడు నిరసనగా అతాతుర్క్ సాంస్కృతిక కేంద్రం వైపు చూస్తూ గంటల తరబడి నిలబడ్డారు. ప్లకార్డు లేదు, నినాదం లేదు. మీరు నలుగురూ తలో దిక్కు చూస్తే మాత్రం బస్సు కోసం ఎదురుచూస్తున్నారనుకుంటారు!