ఇసుక కేసులో సీజైన ట్రాక్టర్‌ను ఎలా విడిపించుకోవాలి?

వాగు నుంచి ఇసుక తెస్తుంటే మీ నాన్నగారి ట్రాక్టర్‌ను పోలీసులు పట్టుకున్నారని, స్టేషన్‌లో కోర్టుకు వెళ్లమంటుంటే ఊళ్లోవాళ్లు మైనింగ్ ఆఫీసులో ఫైన్ కడితే సరిపోతుంది అంటున్నారని రాశారు. ఎవరి మాట నమ్మాలన్నది మీ ప్రశ్న. మానేరు ఒడ్డున మా చిన్నాన్న ట్రాక్టర్ ఇలాగే సీజైనప్పుడు కాగితాల పనంతా నేనే చూశాను. స్టేషన్‌ వాళ్లు చెప్పిందే నమ్మండి.

ముందు ఎఫ్‌ఐఆర్, పంచనామా (సీజ్ చేసినప్పుడు సాక్షుల ముందు రాసిన కాగితం) కాపీలు సంపాదించండి. ఎఫ్‌ఐఆర్‌లో భారతీయ న్యాయ సంహిత 303(2) ఉంటే అది దొంగతనం కేసు. వాగులోని ఇసుక ప్రభుత్వ సొత్తు కాబట్టి ఆ సెక్షన్ పెడతారు. 1957 నాటి గనులు, ఖనిజాల చట్టంలోని 4(1ఏ), 21 సెక్షన్లు ఉంటే పర్మిట్ లేకుండా తరలించిన కేసు. చాలాసార్లు రెండూ కలిపే పెడతారు. ఊళ్లోవాళ్ల సలహా ఇక్కడే దెబ్బతింటుంది. డబ్బు కట్టి రాజీ చేసుకునే వీలు ఆ చట్టంలోని 23ఏ సెక్షన్‌లో ఉన్న మాట నిజమే. కానీ అది ఖనిజాల చట్టం కింది నేరానికి మాత్రమే. రాజీ అయినా దొంగతనం కేసు నడుస్తుందని జయంత్ కేసులో సుప్రీంకోర్టు 2020 డిసెంబరులో తేల్చి చెప్పింది. కాబట్టి 303(2) ఉంటే మైనింగ్ రసీదు ఒక్కటే పట్టుకెళ్తే బండి ఇవ్వరు.

కోర్టులో వేయాల్సింది మధ్యంతర కస్టడీ పిటిషన్, అంటే కేసు తేలేదాకా బండిని మన దగ్గర ఉంచుకోనివ్వమని అడగడం. పోలీసులు బండిని కోర్టు ముందు పెడితే భారతీయ నాగరిక్ సురక్షా సంహిత (క్రిమినల్ కేసులు ఎలా నడపాలో చెప్పే కొత్త చట్టం) 497 సెక్షన్ కింద, పెట్టకుండా సీజ్ చేశామని మాత్రమే తెలిపితే 503 కింద వేయాలి. పాత సీఆర్‌పీసీలో ఇవే 451, 457. మా లాయరు రెండూ కలిపే వేశారు. పట్టుబడ్డ వాహనాలను స్టేషన్లలో ఏళ్ల తరబడి ఎండకూ వానకూ వదిలేయొద్దని, ఫొటోలు, పంచనామా చేసుకుని బాండు మీద ఇచ్చేయాలని సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసులో సుప్రీంకోర్టు 2002లోనే చెప్పింది. ఆ తీర్పును పిటిషన్‌లో తప్పకుండా రాయించండి.

పిటిషన్ ఆర్‌సీలో పేరున్న మనిషే వేయాలి, అంటే మీ నాన్నగారు. ఆర్‌సీ, ఇన్సూరెన్స్, ఆధార్ సిద్ధం చేసుకోండి. మమ్మల్ని ఎక్కువగా ఏడిపించింది ట్రాలీ. ఇంజన్‌కు ఒక ఆర్‌సీ, ట్రాలీకి ఇంకో ఆర్‌సీ ఉంటాయి. మా చిన్నాన్న ట్రాలీ సెకండ్‌హ్యాండ్‌ది, కాగితం ఇంకా పాత ఓనర్ పేరు మీదే ఉంది. ఆయన్ను వెతికి పట్టుకుని, బతిమాలి, కోర్టుకు తీసుకొచ్చి అఫిడవిట్ ఇప్పిస్తే గానీ పని ముందుకు సాగలేదు. మీ ట్రాలీ నంబరు ఈ రోజే చూసుకోండి, పిటిషన్‌లో రెండు నంబర్లూ ఉండాలి. ఫైనాన్స్ మీద కొన్నదైతే కంపెనీకి కూడా ఒక మాట చెప్పండి. కిస్తీలు ఆగితే వాళ్లూ బండి కోసం పిటిషన్ వేయొచ్చు.

ఆర్డర్ వచ్చాక బండి విలువను బట్టి బాండు, ష్యూరిటీలు అడుగుతారు. అమ్మకూడదు, రంగూ రూపూ మార్చకూడదు, పిలిచినప్పుడు తెచ్చి చూపించాలి అనే షరతులుంటాయి. మేజిస్ట్రేట్ కొట్టేస్తే సెషన్స్ కోర్టులో రివిజన్ వేయొచ్చు. అసలు కేసే కట్టకుండా బండిని ఊరికే నిలబెట్టి ఉంటే హైకోర్టులో రిట్ వేయడమే దారి. మధ్యవర్తుల చేతిలో మాత్రం పైసా పెట్టకండి.

ఇంకో మాట, నొచ్చుకోవద్దు. బండి ఇంటికొస్తే కేసు పోయినట్టు కాదు. నేరం రుజువైతే 21(4ఏ) కింద కోర్టు దాన్ని జప్తు చేయొచ్చు. ఈలోగా అదే బండి మళ్లీ దొంగచాటుగా వాగులోకి దిగితే బాండు సొమ్ము పోయి, బండి మళ్లీ స్టేషన్‌కే చేరుతుంది. మా ఊళ్లో మానేరును తోడేసిన వైపు పొలాల్లో ఎండాకాలం బోర్లు వట్టిపోయాయి. ఆ నష్టం పడింది ఇసుక అమ్ముకున్నవాళ్లు కాదు, పక్కన వరి వేసుకున్న రైతులు. ఇసుక కావాలంటే తెలంగాణ ప్రభుత్వ ఖనిజాభివృద్ధి సంస్థ టీజీఎండీసీలో (పాత పేరు టీఎస్‌ఎండీసీ) ఆన్‌లైన్ బుకింగ్ ఉంది. రేటు ఎక్కువనిపించినా వే బిల్లు (ఇసుక తరలించడానికి అనుమతి కాగితం) చేతిలో ఉంటుంది.

బండి తెచ్చుకునే రోజు మెకానిక్‌ను, ఒక బ్యాటరీని వెంట తీసుకెళ్లండి. మా బండికి బ్యాటరీ లేదు, డీజిల్ ట్యాంకు ఖాళీ, ముందు టైరు ఒకటి చదునుగా నేలకు అతుక్కుపోయింది. సంతకం పెట్టేముందే పంచనామాతో పోల్చి చూసి, లేని వస్తువులన్నీ రసీదు మీద రాయించండి. రాయకపోతే తర్వాత అడగడానికి మీ చేతిలో ఆధారం ఉండదు.