పోకెమాన్ డైమండ్‌లో పాత సేవ్ చెరిపి మొదటి నుంచి ఆడటం ఎలా?

మీ ప్రశ్న నాకు అర్థమైనంత వరకు ఇది: బంధువులు ఇచ్చిన పాత నింటెండో డీఎస్‌లో పోకెమాన్ డైమండ్ కార్డు ఉంది. న్యూ గేమ్ ఎంచుకుని రెండు గంటలు ఆడారు. సేవ్ చేయబోతే, ఇందులో ఇప్పటికే వేరొకరి ఆట ఉంది కాబట్టి కుదరదని చెప్పింది. మెనూ అంతా వెతికినా దాన్ని తొలగించే చోటు దొరకలేదు. చెరిపితే కార్డు పాడవుతుందా, ఇంకేమైనా పోతుందా అని కూడా అడిగారు.

ముందు బటన్ల సంగతి. డీఎస్ ఆపి మళ్లీ ఆన్ చేసి ఆటలోకి వెళ్లండి. కంపెనీల లోగోలు, ఆరంభ దృశ్యాలు దాటి, ఆట పేరుతో పాటు డయాల్గా అనే పోకెమాన్ కనిపించే టైటిల్ తెర వచ్చేదాకా ఆగండి. అక్కడ బాణం గుర్తుల బటన్‌లో పైవైపు, సెలెక్ట్, బి, ఈ మూడింటినీ ఒకేసారి నొక్కి పట్టుకోండి. సేవ్ మొత్తం తొలగించాలా అని అడుగుతుంది. అవునని ఒప్పుకుంటే చెరిగిపోతుంది, తర్వాత న్యూ గేమ్‌తో మొదలుపెట్టిన ఆట మామూలుగా సేవ్ అవుతుంది. మీరు ఆడిన ఆ రెండు గంటల ఆట మాత్రం దక్కదు. దాన్ని నిలుపుకునే మార్గం ఆటలో లేదు. కానీ తొందరపడి ఇప్పుడే నొక్కకండి, కింద రాసినదంతా చదివాక నొక్కండి.

ఈ బటన్లు మెనూలో ఎక్కడా కనిపించకపోవడానికి కారణం ఉంది. చిన్నపిల్లలు ఆడే ఆట ఇది. పొరపాటున తగిలే చోట తొలగింపు ఉండకూడదు. గేమ్ బాయ్ నాటి పోకెమాన్ ఆటలు రెడ్, బ్లూ నుంచి డీఎస్ మీద వచ్చిన బ్లాక్, వైట్ వరకు ఇవే మూడు బటన్లు. 3డీఎస్ మీద వచ్చిన ఎక్స్, వై, సన్, మూన్‌లలో సెలెక్ట్ బదులు ఎక్స్ వాడాలి: పైవైపు, ఎక్స్, బి. కొందరు ఎల్, ఆర్, స్టార్ట్ కలిపి నొక్కమని చెబుతారు. అది ఆటను మళ్లీ టైటిల్ తెర దగ్గరికి తీసుకెళ్తుంది, అంతే. సేవ్‌ను ముట్టుకోదు.

మీకు చిరాకు తెప్పించిన ఆ నిరాకరణ నా దృష్టిలో డైమండ్ చేసిన మంచి పని. 1996లో జపాన్‌లో మొదలైన తొలి తరం ఆటల్లో ఈ రక్షణ లేదు. పాత సేవ్ ఉండగానే న్యూ గేమ్ ఆడనిచ్చేవి. మీరు సేవ్ నొక్కినప్పుడు పాతది చెరిగిపోతుంది, ఫర్వాలేదా అని ఒక్క మాట అడిగేవి. చదవడం సరిగా రాని పిల్లవాడు ఏ బటన్‌తో సమాధానం చెబుతాడో మీకు తెలుసు. అలా అక్కల ఆటలు, అన్నల ఆటలు ఎన్నో పోయాయి. డైమండ్‌లో ఆ ప్రమాదం లేదు. చెరపాలన్న నిర్ణయం విడిగా, తెలిసి, మూడు బటన్లు పట్టుకుని తీసుకోవలసిందే.

ఇప్పుడు అసలు విషయం. చెరిపే ముందు కంటిన్యూ ఎంచుకుని ఆ పాత ఆటలోకి ఒకసారి వెళ్లి చూడండి. ఎవరి పేరు ఉంది, ఎన్ని గంటలు ఆడారు, పీసీ పెట్టెల్లో (పట్టిన పోకెమాన్లను దాచుకునే, ఆటలోని కంప్యూటర్ పెట్టెలు) ఏమున్నాయి చూడండి. డైమండ్‌లో 18 పెట్టెలు, ఒక్కోదాంట్లో 30 పోకెమాన్లు పడతాయి, అంటే 540. ఎవరో ఏళ్ల తరబడి నింపిన పెట్టెలు కావచ్చు. మీకు కార్డు ఇచ్చిన బంధువుకు ఫోన్ చేసి, మీ ఆట ఇంకా ఇందులో ఉంది, చెరపనా అని అడగండి. చాలామంది సంతోషంగా చెరిపేయమంటారు. కానీ కొందరు ఒక్క నిమిషం మౌనంగా ఉండి, ఫలానా పోకెమాన్ ఉందేమో చూడు అంటారు. ఆ ఒక్కదాన్నీ కాపాడటం కష్టం కాదు.

నేనిది స్వయంగా చేశాను. నా డైమండ్ కార్డును మేనకోడలికి ఇచ్చినప్పుడు, నా జట్టుతోనే ఆడుకుంటుందనుకున్నాను. కాసేపు అటూ ఇటూ తిరిగి, "మామయ్యా, ఇందులో అన్నీ నువ్వే చేసేశావు. నేను చేయడానికేముంది?" అంది. ఎనిమిది జిమ్‌లలో (ఊరి మేటి ఆటగాడితో పోటీపడే చోట్లు) గెలిచి ఎనిమిది బ్యాడ్జీలూ వచ్చేసి, చివర్లో ఎదురయ్యే నలుగురు మేటి ఆటగాళ్లు, ఎలైట్ ఫోర్‌ను ఓడించేసిన ఆట అది. ఏ ఊరికైనా ఎగిరి వెళ్లవచ్చు, ఏ శత్రువునైనా ఒక దెబ్బతో పడగొట్టవచ్చు. ఆ పిల్లకు కావలసింది అది కాదు. ఒక చిన్న పోకెమాన్‌ను చేతిలో పెట్టుకుని, గడ్డిలోకి అడుగు వేయడానికి భయపడే మొదటి గంట కావాలి. ఆమె అడిగింది న్యాయం. అప్పుడే చెరపాలని నిర్ణయించుకున్నాను, కానీ ఇల్లు ఖాళీ చేసేటప్పుడు సామాను సర్దుకున్నట్టు ముందు సర్దుకున్నాను.

దానికి రెండో డీఎస్, రెండో కార్డు కావాలి. నా దగ్గర ఇదే తరానికి చెందిన పోకెమాన్ ప్లాటినం ఉంది. పెర్ల్, హార్ట్‌గోల్డ్, సోల్‌సిల్వర్ ఏదైనా సరిపోతుంది. రెండు యంత్రాలు పక్కపక్కన పెట్టి ఆటలోని పోకెమాన్ సెంటర్ (పోకెమాన్లకు వైద్యం చేసే భవనం) పై అంతస్తులో పోకెమాన్లను ఇచ్చిపుచ్చుకోవచ్చు. డీఎస్ ఆటలకు నింటెండో నడిపిన ఇంటర్నెట్ సేవ 2014 మే నెలలో ఆగిపోయింది, కానీ దగ్గరి యంత్రాల మధ్య వైర్‌లెస్ మార్పిడికి దానితో పని లేదు, అది ఇప్పటికీ నడుస్తుంది. ఒకటి ఇస్తే ఒకటి తీసుకోవాలి కనుక, రెండో కార్డులో అక్కర్లేని చిన్న పోకెమాన్లను ముందే పట్టి ఉంచుకోండి. ప్రతి మార్పిడికీ ఆ యానిమేషన్ చూడక తప్పదు, కాబట్టి 540 తరలిస్తానని కూర్చోకండి. నిజంగా విలువైనవి ఎంచుకోండి.

చాలామందికి తట్టని ఉపాయం ఒకటుంది. పోకెమాన్ చేతికి ఇచ్చిన వస్తువు దానితో పాటే వెళ్తుంది. పాత ఆటలో మాస్టర్ బాల్ (ఏ అడవి పోకెమాన్‌నైనా తప్పక పట్టే బంతి) మిగిలి ఉంటే, అరుదైన వస్తువులుంటే, తరలించే ప్రతి పోకెమాన్‌కూ ఒకటి పట్టించి పంపండి.

వెళ్లేది ఏమిటి, ఉండిపోయేది ఏమిటి అన్నది తెలిస్తే మనసు కుదుటపడుతుంది. పోకెమాన్‌తో పాటు దాని ముద్దుపేరు, స్థాయి, నేర్చుకున్న విద్యలు, గెలిచిన రిబ్బన్లు వెళ్తాయి. మొదట పట్టుకున్న ఆటగాడి పేరు, ఆటగాడి సంఖ్య కూడా వెళ్తాయి. ఆ ఐదంకెల సంఖ్యను కొత్త ఆట మొదలైనప్పుడు ఆటే కేటాయిస్తుంది. ఆ సేవ్ చెరిగిపోయినా పోకెమాన్ మీద ఆ పేరూ సంఖ్యా అలాగే ఉంటాయి. పైగా ఈ తరం ఆటల్లో దాని వివరాల పేజీలో ఎక్కడ, ఏ తేదీన కలిసిందో రాసి ఉంటుంది. నా ఇన్‌ఫర్నేప్‌ను ప్లాటినంలోకి పంపాక ఆ పేజీ తెరిచి చూశాను. అది ఇంకా ఎదగక ముందు, చిమ్‌చార్‌ అనే చిన్న పోకెమాన్‌గా నా చేతికి వచ్చిన తేదీ చెక్కుచెదరకుండా ఉంది. సేవ్‌లో నేను దాచుకోవాలనుకున్నది నిజానికి అదే. మిగతావి, అంటే హాల్ ఆఫ్ ఫేమ్ (గెలిచిన జట్ల జాబితా) రికార్డులు, భూగర్భంలో కట్టుకున్న రహస్య స్థావరం, పోకెడెక్స్ (చూసిన, పట్టిన పోకెమాన్ల పట్టిక), డబ్బు, సంచీలోని సామాను, ఇవన్నీ సేవ్‌తోనే పోతాయి. వాటిని మళ్లీ సంపాదించుకోవచ్చు.

మీరు చూస్తున్న పెట్టెల్లో డార్క్‌రై, షేమిన్, ఆర్సియస్ అనే పోకెమాన్లు కనిపిస్తే మాత్రం తప్పకుండా ఆగండి. ఇవి మామూలుగా ఆడితే దొరికేవి కావు. కొంతకాలం పాటు మాత్రమే పంచిపెట్టిన ప్రత్యేక వస్తువుల ద్వారానో, నేరుగా పంపిణీ ద్వారానో వచ్చాయి. ఆ పంపిణీలు ఎప్పుడో ముగిశాయి. ఛీట్ పరికరంతో పుట్టించినవీ చాలా తిరుగుతుంటాయి కనుక అవి నిజమైనవే అని గ్యారంటీ లేదు, అయినా ఇచ్చినవారిని అడగకుండా చెరపకండి.

ఇవే పోకెమాన్లను ఇంకా కొత్త యంత్రాలకు చేర్చాలంటే దారి పొడవు. డైమండ్ నుంచి బ్లాక్ లేదా వైట్‌లోకి రెండు డీఎస్‌ల సాయంతో ఒకసారికి ఆరు చొప్పున పంపవచ్చు, వెళ్లినవి వెనక్కి రావు. అక్కడి నుంచి 3డీఎస్‌లోని పోకెమాన్ బ్యాంక్‌కు, ఆ తర్వాత 2020లో వచ్చిన పోకెమాన్ హోమ్‌కు. ఈ రెండూ పోకెమాన్లను ఇంటర్నెట్‌లో దాచే యాప్‌లు. అయితే 3డీఎస్ ఆన్‌లైన్ దుకాణం ఈషాప్‌లో అమ్మకాలు 2023 మార్చిలో ఆగిపోయాయి. బ్యాంక్‌ను అంతకుముందే దించుకున్న యంత్రం మీకు తెలిసినవారి దగ్గర ఉంటేనే ఈ దారి తెరుచుకుంటుంది.

దాచినవాటిని కొత్త ఆటలోకి వెంటనే తెచ్చుకోవచ్చా అంటే, తెచ్చుకోవచ్చు, నేనైతే వద్దంటాను. ఇతరుల నుంచి వచ్చిన పోకెమాన్లకు అనుభవం ఒకటిన్నర రెట్లు వస్తుంది, కానీ మీ బ్యాడ్జీలకు మించిన స్థాయిలో ఉంటే మాట వినవు. చెప్పిన దెబ్బ వేయవు, పోరాటం మధ్యలో నిద్రపోతాయి. సేవ్ చెరిపింది మీరే అయినా, పాత పోకెమాన్ మీది అని కొత్త ఆటకు తెలియదు, సంఖ్య వేరు కాబట్టి. అంతకన్నా ముఖ్యం, మొదటి జిమ్ దగ్గర ఓడిపోయి, మళ్లీ గడ్డిలోకి వెళ్లి బలం పెంచుకుని రావడంలోనే ఈ ఆట రుచి ఉంది. కష్టపడి మొదటి నుంచి ఆడాలనే కదా చెరుపుతున్నారు.

కార్డు పాడవుతుందా అన్న భయం అక్కర్లేదు. డైమండ్ కార్డులో సేవ్ కోసం ఫ్లాష్ మెమొరీ ఉంటుంది, బ్యాటరీ ఉండదు. చెరపడం కూడా దానికి ఒక రాత లాంటిదే. రాస్తున్నప్పుడు కార్డు లాగకండి, డీఎస్ ఆపకండి, అంతే జాగ్రత్త. సేవ్ చేసినా మర్నాటికి మాయమవుతుంటే అది చెరిపితే తగ్గే జబ్బు కాదు. డీఎస్ కార్డు విషయంలో నకిలీ కార్డేమో చూడాలి, పాత సామానులో అవి ఎక్కువ. గేమ్ బాయ్ నాటి గోల్డ్, సిల్వర్ అయితే లోపలి సీఆర్2025 బ్యాటరీ అయిపోయి ఉంటుంది. ఆ కార్డుల్లో సేవ్ ఆ బ్యాటరీ మీదే బతుకుతుంది, బ్యాటరీ తీస్తే సేవ్ కూడా పోతుంది. రూబీ, సఫైర్‌లలో బ్యాటరీ అయిపోయిందన్న హెచ్చరిక వచ్చినా కంగారు పడనవసరం లేదు. అక్కడ బ్యాటరీ గడియారానికి మాత్రమే, సేవ్ భద్రంగా ఉంటుంది.

ఇదే ప్రశ్నతో వేరే యంత్రాలవాళ్లూ వస్తారు కాబట్టి క్లుప్తంగా రాస్తున్నాను. స్విచ్‌లో చాలా ఆటలకు ప్రతి యూజర్‌కూ వేరే సేవ్ ఉంటుంది, అందుకే చెరపకుండా కొత్త యూజర్‌ను సృష్టించుకుంటే చాలు. యానిమల్ క్రాసింగ్ న్యూ హొరైజన్స్ దీనికి మినహాయింపు, ఒక యంత్రానికి ఆట జరిగే దీవి ఒకటే, యూజర్లందరూ దాన్నే పంచుకోవాలి. చెరపాల్సిందే అయితే సిస్టమ్ సెట్టింగ్స్‌లో డేటా మేనేజ్‌మెంట్‌లోకి వెళ్లాలి. ఆటను తొలగించి మళ్లీ దించుకుంటే సేవ్ పోదు, ఎందుకంటే అది యంత్రం సొంత మెమొరీలో విడిగా ఉంటుంది. పీఎస్ వీటాలో దీనికి పూర్తిగా వ్యతిరేకం: ఆటను తొలగిస్తే దానితోపాటు సేవ్ కూడా పోతుంది. పీఎస్‌పీలో మెమొరీ స్టిక్ మీద సేవ్‌లు విడివిడిగా కనిపిస్తాయి, కంప్యూటర్‌లోకి కాపీ చేసి పెట్టుకుని నిశ్చింతగా చెరపవచ్చు. ఇన్ని యంత్రాల్లో నాకు నచ్చిన పద్ధతి అదే. స్టీమ్ డెక్‌లో ఫైల్ చెరిపినా క్లౌడ్ నుంచి మళ్లీ దిగుతుంది, ఆ ఆటకు క్లౌడ్ ఆపి చెరపాలి.

అసలు చెరపనివ్వని ఆట కూడా ఒకటి వచ్చింది. 2011లో 3డీఎస్‌కు వచ్చిన రెసిడెంట్ ఈవిల్ ది మెర్సినరీస్ 3డీలో సేవ్‌ను తొలగించే వీలే పెట్టలేదు. పాత కార్డు కొన్నవారికి ముందు యజమాని తెరిచేసిన దశలే మిగిలేవి. దాని మీద అప్పట్లో పెద్ద దుమారం లేచింది, లేవాల్సిందే. కొత్తగా మొదలుపెట్టే హక్కు ఆట ఆడే ప్రతి ఒక్కరికీ ఉండాలని నేను గట్టిగా నమ్ముతాను.

ఇక మీరు చేయాల్సింది: బంధువును అడగండి, కావలసినవి తరలించండి, మూడు బటన్లు నొక్కండి. కొత్త ఆట మొదలవగానే ఆప్షన్లలో మాటల వేగాన్ని ఫాస్ట్‌కు మార్చండి, ఇప్పటికే రెండు గంటలు ఆడారు కాబట్టి మళ్లీ అదే సంభాషణ నెమ్మదిగా చదవక్కర్లేదు. పేరు మాత్రం ఆలోచించి పెట్టుకోండి. ఆట మధ్యలో దాన్ని మార్చే వీలుండదు, మీరు పట్టే ప్రతి పోకెమాన్ మీదా అదే పేరు ఉంటుంది. మెనూలో సేవ్ కనిపించగానే ఒకసారి సేవ్ చేసి, డీఎస్ ఆపి మళ్లీ తెరిచి చూడండి. కంటిన్యూ దగ్గర మీ పేరు కనిపిస్తే అంతా సరిగా జరిగినట్టే. కనిపించకపోతే కార్డు వెనకవైపు, ముందువైపు ఫొటోలు పెట్టండి, నకిలీదో కాదో చూసి చెబుతాను.